ఎవరు నొక్కారో రాసి లేదు

ఆగస్టు 13, 2023, ఆదివారం

షాపు పొద్దున పూటే. పేపరు తీరిగ్గా చదివాను. మొన్న పదకొండున రాష్ట్రపతి ఆమోదం వచ్చిందట. డిజిటల్ పర్సనల్ డేటా ప్రొటెక్షన్ చట్టం. లోపలి పేజీలో ఒక వాక్యం దగ్గర ఆగిపోయాను. మనిషిని అనుమతి అడిగేటప్పుడు తేలిక మాటల్లో అడగాలి. ఇంగ్లీషులో గానీ, రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూలులో ఉన్న ఏ భాషలో గానీ చదువుకునే వీలుండాలి. అంటే తెలుగులో కూడా.

మన వివరాల సంగతి వరకేనట. సాఫ్ట్‌వేరు లైసెన్సులకు ఇది వర్తించదు. అయినా ఆ ముక్క కత్తిరించి ఈ పుస్తకంలో పెట్టుకున్నాను.

నియమాలు ఇంకా రావాలి. ఎప్పటికొస్తాయో.

వాన జాడ లేదు. పత్తి బెట్టకొచ్చింది.

ఆగస్టు 17, గురువారం

"నువ్వే నొక్కమ్మా."

పొద్దుటి నుంచీ ఇదే మాట. కొత్త ఫోను తెచ్చినవాళ్ళు, ల్యాప్‌టాప్ తెచ్చినవాళ్ళు, లెక్కల సాఫ్ట్‌వేరు వేయించుకోను వచ్చిన ఎరువుల కొట్టాయన. పెట్టె తెరుచుకుంటుంది, సన్నటి అక్షరాలు, కింద చిన్న గడి. గడిలో టిక్కు పెడితే తప్ప పక్క బటన్ వెలగదు. వాళ్ళు వీధిలోకి చూస్తుంటారు. నేను నొక్కుతాను.

గుంటూరు అరండల్‌పేటలో డీటీపీ చేసిన రోజుల్లోనూ అంతే. విండోస్ ఎక్స్‌పీ వేసేటప్పుడు నీలం తెర, ఎఫ్8 కొడితే ఒప్పుకున్నట్టు, ఎస్కేప్ కొడితే లేదన్నట్టు. ఎస్కేప్ కొట్టినవాళ్ళను ఆ గదిలో ఎవరినీ చూడలేదు.

ఒప్పుకున్నది ఎవరు? నేనా, ఆయనా?

ఆగస్టు 19, శనివారం

జిన్నింగ్ మిల్లు గుమాస్తా పాత సీపీయూ మోసుకొచ్చాడు. డీ డ్రైవులో ఏవో ఫైళ్ళు పడి ఉన్నాయి, వైరసేమో చూడక్కా అని.

వైరసు కాదు. విజువల్ సీ ప్లస్ ప్లస్ 2008 తాలూకు రన్‌టైం ఎప్పుడో వేస్తే మిగిలిపోయిన సామాను. యూలా.1028, యూలా.1031, యూలా.1033... ప్రతిదానికీ జతగా ఒక డీఎల్‌ఎల్, ఇన్‌స్టాల్.రెస్.1033.డీఎల్‌ఎల్ అన్నట్టు. ఆ అంకెలు భాషల నంబర్లు. 1033 ఇంగ్లీషు. 1031 జర్మను. 1036 ఫ్రెంచి. 1041 జపాను, 1042 కొరియా. టెక్స్ట్ ఫైలులో ఒప్పందం, అంటే యూలా, ఉంటుంది; డీఎల్‌ఎల్‌లో ఆ పెట్టె మీద ఆయా భాషల్లో కనపడాల్సిన మాటలు. పని చేసే ఫైలు వేరే ఉంది, ఇవి ఒట్టి మాటల మూటలు. చెరిపేసినా ఏమీ కాదు.

చెరిపే ముందు మొత్తం వెతికాను. తెలుగు నంబరు 1098. ఆ నంబరు విండోస్‌లో ఉంది, తెలుగు కీబోర్డు పెట్టినప్పుడల్లా చూస్తూనే ఉన్నాను. ఇక్కడ లేదు. హిందీ కూడా లేదు.

నంబరిచ్చారు. ఫైలు ఇవ్వలేదు.

ఆపదలో ఉన్న పిల్లలు ఫోను చేసే నంబరూ 1098 కదూ.

ఆగస్టు 23, బుధవారం

సాయంత్రం షాపులోని మానిటర్లన్నిట్లోనూ ఇస్రో. బస్సు దిగినవాళ్ళు కూడా లోపలికొచ్చి నిలబడ్డారు. 6:04. చంద్రుడి మీద దిగింది. పక్క కొట్టు బాబాయి కళ్ళు తుడుచుకున్నాడు. నేనూ.

అందరూ వెళ్ళాక ఒక పిల్లాడు మిగిలాడు. ఆరో తరగతో ఏడో. ఆట వేయమన్నాడు. పెట్టె వచ్చింది. కుర్చీ ఎక్కి కూర్చుని వాడే టకటకా నొక్కేశాడు. చదవలేదు, ఆగలేదు.

1872 నాటి కాంట్రాక్టు చట్టంలో మైనరుకు ఒప్పందం చేసుకునే అర్హత లేదని ఉంది. డిగ్రీలో చదివాను. ఇద్దరూ ఒకే విషయాన్ని ఒకే అర్థంలో ఒప్పుకుంటేనే సమ్మతి అని కూడా అందులోనే, పదమూడో సెక్షను. వాడికి ఆట అర్థమైంది. ఆట కంపెనీ వాళ్ళకేం అర్థమైంది?

సెప్టెంబరు 3, ఆదివారం

ఈ 'సరే' ఎక్కడికి పోతుంది? పొద్దుటి నుంచీ అదే వెతుకుతున్నాను.

సిస్‌ఇంటర్నల్స్ వాళ్ళ చిన్న పరికరాలు రిపేర్లకు వాడతాను గదా. మొదటిసారి తెరిస్తే లైసెన్సు చూపిస్తాయి, తర్వాత చూపించవు. రిజిస్ట్రీ తెరిచాను. పరికరం పేరు, దాని కింద 'యూలా యాక్సెప్టెడ్', దాని ఎదురుగా 1.

అంతే. ఒకటి. ఎవరు నొక్కారో రాసి లేదు. చదివారో లేదో రాసి లేదు. ఆ ఒకటి నేను ముందే చేత్తో రాసి పెడితే అసలు అడగనే అడగదు. కమాండులోనే ఒప్పుకున్నానని ఒక ముక్క తగిలించే వీలుంది, అప్పుడు పెట్టె కూడా రాదు.

అక్క కొడుక్కి ఫోను చేశాను. హైదరాబాదులో ఇన్‌స్టాలర్లు కట్టే పనిలోనే ఉన్నాడు వాడు. "మా దగ్గర సర్వర్లు వందల్లో లేస్తాయి పిన్నీ. డేటాబేసు వేసేటప్పుడు యాక్సెప్ట్ యూలా ఈక్వల్ టు వై అని ఒక లైను రాస్తాం. ఎవరూ చదవరు, ఎవరూ నొక్కరు. అక్కడ మనిషే ఉండడు" అన్నాడు. ఫోను యాప్‌లు కట్టే కిట్టులోనైతే లైసెన్సెస్ అని ఒక ఫోల్డరు, అందులో ఒప్పందానికి గుర్తుగా అక్షరాలూ అంకెలూ కలిపి నలభై ఉన్న గొలుసు. ఆ ఫైలు కాపీ చేసుకుంటే ఒప్పుకోవడమూ కాపీ అయిపోతుందట.

వాడు మామూలుగానే చెప్పాడు. నాకే నిద్ర పట్టలేదు.

సెప్టెంబరు 16, శనివారం

పంట నమోదుకు వేలిముద్ర పడలేదని ఒక పెద్దావిడ వచ్చి కూర్చుంది. ఆధార్ కాగితం మళ్ళీ తీయించుకోమన్నారట. చేతులు చూపించింది. మిరపకాయలు కోసి, పత్తి తీసి వేళ్ళ మీద గీతలు అరిగిపోయాయి. నున్నగా ఉన్నాయి.

ఆవిడ ఆవిడేనని నమ్మడానికి మిషనుకు గీతలు కావాలి. లైసెన్సు పెట్టెకు ఎవరి వేలైనా ఒకటే.

ప్రింటుకు డబ్బులు తీసుకోబుద్ధి కాలేదు. బలవంతంగా చేతిలో పెట్టి వెళ్ళింది.

సెప్టెంబరు 30, శనివారం

యనమదల తాతయ్య మనవరాలికి ల్యాప్‌టాప్ కొన్నాడు. బీటెక్ మొదటి సంవత్సరం. ఆన్ చేశాం. భాష, కీబోర్డు, వైఫై, తర్వాత ఆ పేజీ. నా చెయ్యి మౌసు మీదకు పోతుంటే ఆపాడు.

"ఏందమ్మాయ్ అది?"

ఒప్పందం తాతయ్యా.

"ఎవరికీ ఎవరికీ?"

మీకూ కంపెనీకీ.

"అయితే చదువు."

చదివాను. ఒక్కో వాక్యం చదివి తెలుగులో చెప్పడం. గొంతు ఆరిపోయింది. షాపులో జనం చుట్టూ మూగారు. సాఫ్ట్‌వేరు మీకు అమ్మడం లేదు, వాడుకోనిస్తున్నామంతే అన్న చోట మళ్ళీ ఆపాడు. "డబ్బులిచ్చాంగా?" ఇచ్చాం. "మరి మనది గాదా?" మిషను మనది. లోపలిది వాడుకునే హక్కు.

కాసేపు మాట్లాడలేదు. తర్వాత పత్తి గింజల సంగతి ఎత్తాడు. బీటీ వచ్చిన కొత్తలో ఒక్క ప్యాకెట్టు పదహారు వందల పైన పెట్టి కొన్నానని, అందులో ఎక్కువ భాగం గింజకు కాదు, లోపల పెట్టిన జన్యువుకు రాయల్టీ అని తర్వాత తెలిసిందని. "అప్పుడు మమ్మల్నెవరూ అడగలేదు. ఇది నయం, అడుగుతోంది."

ఒప్పుకోకపోతే ఏమవుతుందన్నాడు. అది కూడా రాసి ఉంది. వాడకూడదు, వెనక్కిచ్చే పద్ధతి ఏమిటో తయారు చేసినవాళ్ళను కనుక్కోవాలి.

"పాడైతే ఎవరిస్తారు?"

ఆ పేజీ దాకా రాలేదు. మనవరాలు గడియారం చూస్తోంది. తాతయ్యే అన్నాడు, నొక్కు అని. కానీ నా చేత కాదు, మనవరాలి చేత నొక్కించాడు.

అక్టోబరు 1, ఆదివారం

తాతయ్య మాట వదలడం లేదు.

2002 మార్చిలో అనుమతి వచ్చింది బీటీ పత్తికి. 450 గ్రాముల ప్యాకెట్టు, పక్కన 120 గ్రాముల మామూలు గింజల పొట్లం, చేను చుట్టూ వేయమని. ఆ పొట్లం గట్టు మీద పారేసినవాళ్ళే ఎక్కువ. ఎందుకు వేయాలో చెప్పిన కాగితం ఎవరు చదివారు? ప్యాకెట్టు మీద 1250 రూపాయలు టెక్నాలజీ సొమ్ము. 2006లో రాష్ట్ర ప్రభుత్వం ధర ఎక్కువని ఎంఆర్‌టీపీ కమిషనుకు వెళ్ళింది. ఆ ఏడు ప్యాకెట్టు 750కి దిగింది. నాన్న ఆ ఏడాదే మళ్ళీ పత్తి వేశాడు. 2020 నాటికి ఆ సొమ్ము సున్నా అయింది.

లైసెన్సు, జన్యువు కంపెనీకీ విత్తనాల కంపెనీలకూ మధ్య. డబ్బు మాత్రం మా నల్లరేగడి నుంచి.

మొక్కల రకాల, రైతు హక్కుల 2001 చట్టం రైతు గింజ దాచుకోవచ్చంది, మళ్ళీ విత్తుకోవచ్చంది, పక్కవాడికి ఇవ్వచ్చంది. బ్రాండు పేరుతో అమ్మకూడదంతే. ఆ హక్కు ముప్పై తొమ్మిదో సెక్షనులో భద్రంగా ఉంది. హైబ్రిడ్ గింజ దాచుకుంటే మరుసటేడు ఆ దిగుబడి రాదు, అది వేరే సంగతి. అయినా ఒక్క చట్టమైనా రైతు వైపు కూర్చుని రాసిందే.

సాఫ్ట్‌వేరు వాడేవాళ్ళ వైపు కూర్చుని రాసినవాళ్ళెవరు?

అక్టోబరు 8, ఆదివారం

రాసినవాళ్ళున్నారు.

జీపీఎల్ అనే స్వేచ్ఛా సాఫ్ట్‌వేరు లైసెన్సు, మూడో వెర్షను, 2007 జూన్. ఇదివరకు ఎన్నిసార్లో కంటబడింది, ఇవాళే కుదురుగా చదివాను. తొమ్మిదో భాగం. ప్రోగ్రాము తీసుకోవడానికీ నడుపుకోవడానికీ ఈ లైసెన్సును ఒప్పుకోవాల్సిన పని లేదంటుంది. మార్చినా పంచినా అప్పుడే షరతులు.

ఒప్పుకోవాల్సిన పని లేదు. ఒక లైసెన్సు తన నోటితో తాను అనడం.

తమాషా ఏమిటంటే ఆ లైసెన్సున్న ప్రోగ్రాములు విండోస్‌లో వేసేటప్పుడు కూడా కొన్నిట్లో 'ఐ అగ్రీ' పేజీ వస్తుంది. ఇన్‌స్టాలరు కట్టే పనిముట్టులో ఆ పేజీ సిద్ధంగా ఉంటుంది, ఫైలు పేరు ఇస్తే చాలు, వచ్చేస్తుంది. అలవాటు మీద పెడతారు.

హైదరాబాదులో స్వేచ్ఛ వాళ్ళు తెలుగులో ఆపరేటింగ్ సిస్టం చేశారు. చాలా ఏళ్ళ కిందట ఎవరో సీడీ ఇస్తే వేసి చూశాను. మెనూలన్నీ తెలుగు. ఆ రోజు ఎంత సంతోషం. షాపుకొచ్చినవాళ్ళు మాత్రం విండోసే కావాలన్నారు. ఆ సీడీ బీరువాలో ఉండాలి.

అక్టోబరు 15, ఆదివారం

మొదలుపెట్టాను. ఎక్కువగా వేసే సాఫ్ట్‌వేర్ల ఒప్పందాల్లో ఉండేవి, నా తెలుగులో, పేజీ పేజీగా. ఎన్ని మిషన్లలో వేసుకోవచ్చు. వేరేవాళ్ళకు ఇవ్వచ్చా. మన మిషను నుంచి ఏమేం పంపించుకుంటుంది. అప్‌డేట్లు అడక్కుండా వస్తాయా. గొడవ వస్తే ఏ ఊరి కోర్టు.

ఇది లైసెన్సు కాదు, చదివి చెప్పిన కాగితం మాత్రమే అని పైన పెద్దక్షరాల్లో రాశాను.

ఫైలుకు పేరు పెట్టాలి. యూలా.1098.

నవంబరు 5, ఆదివారం

పత్తి తీతలు. కూలీలు తెల్లవారకముందే ఆటోల్లో. షాపు ఖాళీ.

పెదనందిపాడు వెళ్ళాను, పెళ్ళికార్డు ప్రూఫు చూపించడానికి. వాళ్ళ ఇంట్లో ముసలావిడ మాటల్లో మాటగా పన్నులు కట్టని రోజుల సంగతి చెప్పింది, వాళ్ళ అత్తగారు చెప్పినది. 1921, 22. పర్వతనేని వీరయ్య చౌదరి ముందుండి నడిపించాడు. శాంతి సైనికులు. గ్రామోద్యోగులు రాజీనామాలిచ్చారు. సొత్తు జప్తు చేస్తామన్నా కట్టబోమన్నారు.

బస్సులో వస్తూ ఆ చేలే చూస్తూ కూర్చున్నాను. వాళ్ళకు ఏం అడుగుతున్నారో తెలుసు. ఎంత కట్టమంటున్నారో తెలుసు. కాబట్టి వద్దనగలిగారు.

డిసెంబరు 5, మంగళవారం

తుపాను బాపట్ల దగ్గర తీరం దాటిందని రేడియో. మిచాంగ్. నిన్నటి నుంచీ కరెంటు లేదు. గాలి షట్టరును బాదుతోంది. కొవ్వొత్తి వెలుగులో ఇంతే రాయగలను.

డిసెంబరు 7, గురువారం

మిరప చేలల్లో నీళ్ళు. మొక్క నిలబడే ఉంది, వేరు కుళ్ళితే రెండు రోజుల్లో వాలిపోతుంది. తీయకుండా మిగిలిన పత్తి నల్లబడింది. బెట్టకు తట్టుకున్న చేలు నీళ్ళకు పోయాయి. ఒకే ఏడాదిలో రెండూ.

ఎవరూ ఏమీ మాట్లాడటం లేదు.

డిసెంబరు 11, సోమవారం

కౌలు రైతు. ముప్పై ఏళ్ళుండవు. రెండెకరాల మిరప, ఎకరానికి లక్ష పైనే పెట్టాడట ఇప్పటికి. భూమి కాగితాలు తన పేరున లేవు. ఫోను నా ముందు పెట్టాడు. అప్పు యాప్. "పది నిమిషాల్లో పడతయ్యంట అక్కా. ఇంగ్లీషులో ఏందో అడుగుతోంది, నువ్వు నొక్కు."

నొక్కలేదు. చదివాను.

ఫోనులో ఉన్న పేర్లూ నంబర్లూ అన్నీ చూడనివ్వమంటోంది. ఫొటోలు కూడా. ఇలాంటి యాప్‌లు పరిచయస్తుల నంబర్ల జోలికి వెళ్ళకూడదని రిజర్వ్ బ్యాంకు 2022 సెప్టెంబరులోనే చెప్పింది. అదీ చెప్పాను. ఈ యాప్ వెనక ఏ బ్యాంకుందో ఎక్కడా కనపడలేదు.

"నంబర్లన్నీ అంటే... మా చెల్లి అత్తగారిది కూడానా?"

అన్నీ.

చాలాసేపు ఆ తెర వంకే చూశాడు. ఆరిపోతే మళ్ళీ వెలిగించాడు. అనుమతించవద్దు అన్నది సన్నగా, బూడిద రంగులో ఉంది. అదెక్కడుందో చూపించమన్నాడు. చూపించాను. తనే నొక్కాడు.

డబ్బు అవసరం మాత్రం అట్లానే ఉంది గదా. పంట సాగుదారు కార్డు సంగతి, బ్యాంకు సంగతి చెప్పాను. తల ఊపాడు. వెళ్ళేటప్పుడు నా వైపు చూడలేదు.

నేను చేసింది మేలేనా? రాత్రి అన్నం సహించలేదు.

డిసెంబరు 20, బుధవారం

యనమదల తాతయ్య వచ్చాడు. ఆయన మిరపా పోయింది. దాని గురించి ఒక్క మాట లేదు. "ఆ రోజు ఆపేసిన పేజీ ఉంది గదమ్మాయ్, పాడైతే ఎవరిస్తారని. రాశావా?"

రాశాను. చదివి వినిపించాను. నష్టం ఎంత జరిగినా, సాఫ్ట్‌వేరుకు మనం కట్టిన సొమ్ము వరకే వాళ్ళ బాధ్యత. లోపల పెట్టుకున్న లెక్కలు పోయినా, పని ఆగిపోయినా, వాటికి లేదు.

"పురుగు మందు డబ్బా మీద కూడా అంతేలే." కండువా దులుపుకుని లేచాడు. కాగితం మడిచి జేబులో పెట్టుకున్నాడు, మనవరాలికి చూపించాలట.

కౌలు అబ్బాయి మళ్ళీ కనపడలేదు.

జనవరి 16, 2024, మంగళవారం. కనుమ

అక్క కొడుకు వచ్చాడు పండక్కి. మధ్యాహ్నం గారెలు తిని షాపు తెరిపించాడు. కాగితాలన్నీ చదివాడు, నోరెత్తకుండా. రెండు చోట్ల తప్పులు దిద్దాడు, ఒక చోట నాతో వాదించి ఓడిపోయాడు.

తెలుగు పెట్టడం పెద్ద పని కాదంటాడు. మాటల డీఎల్‌ఎల్ ఒకటి, టెక్స్ట్ ఫైలు ఒకటి, ఆ ఫోల్డరులో పడేస్తే చాలు, మిషను భాష తెలుగైతే అదే తీసుకుంటుంది. అడ్డం అక్కడ కాదు, న్యాయ విభాగం దగ్గర. తెలుగు ప్రతికి తేడా వస్తే ఇంగ్లీషుదే చెల్లుబాటు అని ఒక వాక్యం పెట్టమంటారు.

పెట్టుకోండి అన్నాను. చదివినవాళ్ళకు కనీసం దేనికి ఒప్పుకుంటున్నారో తెలుస్తుంది.

"ఎంతమంది చదువుతారు పిన్నీ?"

తాతయ్య గురించి చెప్పాను. కౌలు అబ్బాయి గురించి చెప్పాను. మౌనంగా విన్నాడు. ఫైలు తన పెన్‌డ్రైవులోకి ఎక్కించుకున్నాడు. అడిగి చూస్తానన్నాడు, మాట ఇవ్వలేనన్నాడు.

సాయంత్రం గుంటూరు బస్సు ఎక్కిస్తుంటే మెట్టు మీద నిలబడి అడిగాడు. "'వద్దు' బటన్ ఎక్కడుండాలి?"

'సరే' పక్కనే. అదే సైజులో, అదే రంగులో.

కండక్టరు లోపలికి జరగమని అరిచాడు.